దేవుణ్ణి లేపేవాణ్ణి లేపేదెవరు

శ్రీకాకుళం గంగుపేటలో రాజగోపాలస్వామిని రోజూ నిద్ర లేపే బాధ్యత సన్నాయి అప్పలనరసింహానిది. తెల్లవారుజామున గుడి తలుపులు తీసే వేళకి ముఖమండపంలో నిలబడి భూపాలం అందుకోవాలి. తాత చేశాడు, తండ్రి చేశాడు, ఇప్పుడు ఈయన చేస్తున్నాడు. అంత పెద్ద దేవుణ్ణి లేపే మనిషికి ఉన్న బలహీనత ఒక్కటే. తనంతట తనకి మెలకువ రాదు.

అది అలాంటిలాంటి నిద్ర కాదు. ఆయన పుట్టిందే డోలు పక్కన. ఒక వైపు తండ్రి సన్నాయి సాధన, ఇంకో వైపు మేనమామ డోలు సాధన, ఆ రెండిటి మధ్యా ఉయ్యాల. దాంతో లోకంలో ఎంత పెద్ద చప్పుడైనా ఆయన చెవికి జోలపాట అయిపోయింది. తన పెళ్ళిలో పీటల మీద, గట్టిమేళం మోగుతుండగా కునుకు తీసిన ఘనుడు. జీలకర్రా బెల్లం నెత్తిన పెట్టాల్సిన పెళ్ళికూతురు జగ్గమ్మ వాటితో పాటు ఒక మొట్టికాయ కూడా పెట్టిందని చుట్టాలు ఇప్పటికీ చెప్పుకుంటారు. ఒకసారి అలారం గడియారం తెచ్చారు. అది మోగినంతసేపూ నిద్రలోనే తొడ మీద తాళం వేశాడు. జగ్గమ్మ విసిగిపోయి చెంబుడు నీళ్ళు మొహాన కొడితే, "నాగావళి పొంగిందిరో, సన్నాయి మీదెట్టండ్రో" అని అరిచి, అటు తిరిగి పడుకున్నాడు.

ఇలాంటి మనిషిని లేపగలిగింది ఊరు మొత్తం మీద ఒక్క గొంతు. అది మైదీను సాహెబుది. అప్పలనరసింహం ఇంటి పెరటిగోడకి అవతల మసీదు ఉంది. ఆ మసీదులో తెల్లవారుజామున అజా ఇచ్చి జనాన్ని నమాజుకి పిలిచేవాడు మైదీను. భార్య పోయిన దగ్గర్నుంచీ మసీదు వెనక గదిలోనే ఉంటున్నాడు. మైకులు ఆ పేట దాకా ఇంకా రాలేదు. చెవుల్లో వేళ్ళు పెట్టుకుని మైదీను మొదటి మాట ఎత్తుకునేసరికి, గోడ ఇవతల నులకమంచం మీద అప్పలనరసింహం కళ్ళు వాటంతట అవే తెరుచుకునేవి. కారణం చిన్నదే. మైదీను గొంతు సరిగ్గా అప్పలనరసింహం సన్నాయి శ్రుతిలో ఉంటుంది. చప్పుడుకి నిద్రపోగలడు గాని, శ్రుతి పిలిచాక సన్నాయివాడు ఎలా పడుకుంటాడు? పేటంతా ఎరిగిన సంగతే. గుడి మేనేజరు వేంకటాచలంగారికి మాత్రం ఎవరూ చెప్పలేదు.

నిద్రలో ఎంత మొద్దో, మెలకువలో ఆ చెవి అంత సుకుమారం. గుడిగంట శ్రుతి తగ్గిందని అర్చకుడితో కొన్నాళ్ళు మాట్లాడ్డం మానేశాడు. వేరుశనగకాయలమ్మే వాడికి కేక ఎలా వేయాలో నేర్పబోయి తిట్లు తిన్నాడు. అన్నిటికన్నా ఆయన్ని ఏడిపించింది సొంత పెరట్లో నూతి గిలక. జగ్గమ్మ చేద లాగినప్పుడల్లా "కిర్ర్ర్...య్యో" అనేది. రిషభం కాదు, గాంధారం కాదు, రెండిటి మధ్యా పడి ఏడిచే కూత. ఏళ్ళ తరబడి ఓర్చుకున్నాడు. పంతొమ్మిది వందల అరవై ఎనిమిదిలో ధనుర్మాసం, రంజాను నెల చివరి రోజులు కలిసి వచ్చాయి. ముక్కోటికని మధ్యాహ్నం పూట బౌళి సాధన చేసుకుంటుంటే ఆ కూత సరిగ్గా రాగం మధ్యలో పడింది. ఇక ఆగలేదు. లేచి వెళ్ళి సీసాలో ఉన్న ఆముదమంతా గిలక ఇరుసులో పోసేశాడు. దీపాలకని దాచిన ఆముదమని జగ్గమ్మ సాయంత్రం దాకా సాధించింది. గిలక మాత్రం నోరు మూసుకుంది. ఆ పూట బౌళి ఎంత బాగా పలికిందో చెప్పలేం.

రంజాను ఉన్నన్నాళ్ళూ ఏ ఇబ్బందీ రాలేదు. ఆ నెలలో మసీదు వీధి తెల్లవారకముందే లేస్తుంది, పిల్లలు డబ్బాలు కొట్టుకుంటూ ఇంటింటినీ లేపుతారు, పొయ్యిలు వెలుగుతాయి. పండగ అయిపోయింది. సేమ్యా పాయసం గిన్నె అప్పలనరసింహం ఇంటికీ వచ్చింది. ఆ మర్నాడు మొదలైంది తంటా.

ఆయన కళ్ళు తెరిచేసరికి పెరట్లో ఎండ పడుతోంది.

"ఓసే జగ్గీ! పిలుపు రాలేదేటే?"

"ఎందుకు రాలేదూ! వచ్చింది. నువ్వే నెగలేదు. కుదిపినాను, గిల్లినాను, కాల్లట్టుకుని ఈడిసినాను."

పిలుపు వచ్చిన మాట నిజమే. కాని అది మైదీను గొంతు కాదు. మైదీను లేవకపోతే మసీదు మౌల్వీగారే అజా ఇచ్చారు. మౌల్వీగారికి ఉబ్బసం. ఆ పిల్లి గొంతు అప్పలనరసింహం చెవికి ఆనలేదు.

పంచె ఎగ్గట్టి గుడికి పరిగెత్తాడు. అర్చకుడు మేళం లేకుండానే స్వామిని లేపి, దోసకాయంత మొహం చేసుకుని కూచున్నాడు. వేంకటాచలంగారు మండపం మెట్ల మీద నిలబడి ఉన్నారు. ఈయన సంస్కృతం మాస్టారుగా చేసి రిటైరైన మనిషి. తర్కశాస్త్రం ఆయనకి కరతలామలకం.

"ఏమిటయ్యా నరసింహం! స్వామివారు మంచం మీద కూర్చుని నీ కోసం ఎదురు చూడాలా?"

"తప్పయిపోయింది బాబూ."

అప్పటికి అక్కడితో సరిపోయింది. మర్నాడూ అదే కథ జరిగింది. ఆ మర్నాడు అప్పలనరసింహం చొక్కా అయినా వేసుకోకుండా సరాసరి మసీదు అరుగు మీదికి వెళ్ళాడు. మైదీను అక్కడ తలకి రుమాలు చుట్టుకుని దిగులుగా కూచున్నాడు.

"మైదీను బావా, నీకేటొచ్చిందయ్యా? నువ్వు నెగకపోతే నానెలాగ నెగుతాను? నా ఊడిగం ఊడిపోతాది!"

"నిద్ర నాదేటి బావ?" అన్నాడు మైదీను ఆకాశం వంక చూపిస్తూ. "ఆయన రాసిపెట్టకుండా ఆకు కదల్దు. నెగమని రాస్తే నెగుతాను. తొంగోమని రాస్తే తొంగుంటాను. నా సేతిలో ఏటున్నాది?"

"పోనీ జగ్గమ్మ చేత తలుపు కొట్టిస్తాను."

మైదీను మొహం ఎర్రబడింది. "వద్దు. ఇన్నేళ్ళూ నన్ను మనిసి లేపలేదు. అల్లాయే లేపినాడు. ఇప్పుడాయన వద్దనుకుంటే మనుసులు లేపడమేటి? మౌల్వీ సాబుకీ అదే సెప్పినాను. నా తలుపు ఎవులూ తట్టకండి."

ఈ మాటలు లోపల్నుంచి మౌల్వీగారు విన్నారు. ఈయన బందరు మనిషి. ఎక్కడో దక్షిణాదిన మదరసాలో పాత గ్రంథాలన్నీ చదివి, ఈ పేటకి వచ్చి, పిల్లలకి అక్షరాలు దిద్దిస్తూ కాలక్షేపం చేస్తున్నారు. ఆ గ్రంథాల్లో ఉన్న తగువుల గురించి మాట్లాడ్డానికి ఒక్క మనిషి దొరక్క చాలా ఏళ్ళుగా ఆకలితో ఉన్నారు. ఇవాళ ఆ తగువు వెతుక్కుంటూ తన అరుగెక్కింది. ఉబ్బసం సంగతి మరిచిపోయి వచ్చి చాప మీద కూచున్నారు.

"ఈ తగువు కొత్తది కాదు సన్నాయిగారూ. వెయ్యేళ్ళ పైమాటే. బస్రా అని ఒక ఊరు. అక్కడ కొందరన్నారు, మనిషి పని మనిషిదే, దేవుడు శక్తి ఇచ్చి వదిలేశాడు, తప్పు తనే చేయించి తనే శిక్షిస్తే అది న్యాయమెలా అవుతుందీ అని. వాళ్ళని ఖదరీలన్నారు. వాళ్ళ మీద ఇంకొందరు లేచారు. మనిషి గాలిలో ఈకలాంటివాడు, మనిషి నడిచాడనడం పొద్దు పొడిచిందనడం లాంటిదే, పొడవాలని పొద్దుకేమైనా కోరిక ఉంటుందా అన్నారు. వాళ్ళు జబ్రీలు."

"నాను జబ్రీని" అన్నాడు మైదీను వెంటనే. "ఈకని. ఈకని లేపకండి."

"ఆగవయ్యా. తర్వాత వచ్చిన పెద్దలు మధ్యే మార్గం చెప్పారు. ప్రతి పనినీ సృష్టించేది అల్లాయే. కాని ఆ పనికి ఇష్టపడి, దాన్ని తనదిగా ఆర్జించుకునేది మనిషి. అందుకే లెక్క చెప్పుకోవలసిందీ మనిషే. దాన్నే కస్బ్ అంటారు. ఈ మధ్యే మార్గం నేటికీ చాలామందికి అంతుపట్టదు."

అప్పలనరసింహం కాసేపు గడ్డం గోక్కున్నాడు.

"అంటే సన్నాయి లాగన్నమాట. ఊపిరి ఆయనది, ఏలు మనది. అపస్వరం పలికితే ఊపిరినెవుడూ తిట్టడు, ఏలునే తిడతారు."

మౌల్వీగారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. మదరసాలో ఇంత సులువుగా చెప్పిన గురువు ఆయనకి దొరకలేదు.

ఆ రోజు నుంచీ అప్పలనరసింహానికి ఈ విద్య బాగా ఒంటబట్టింది. మర్నాడు యథాప్రకారం ఎండ ఎక్కాక గుడికి వెళ్ళి, వేంకటాచలంగారు నోరు తెరవకముందే చేతులు కట్టుకుని అన్నాడు.

"బాబూ, నిద్రని సృష్టించింది నాను కాదు. నాను ఆర్జించుకున్నానంతే. మరి ఆర్జనకి సిచ్చ ఎంతెయ్యాలో మీరే సెప్పండి."

వేంకటాచలంగారు తిడదామని పీల్చిన ఊపిరి అలాగే నిలిచిపోయింది. ముప్ఫై ఏళ్ళు తర్కం చెప్పారు. పాసు మార్కులు తప్ప మరేమీ అక్కర్లేని కుర్రాళ్ళకి చెప్పారు. ఒక్కడంటే ఒక్కడు ఎదురు ప్రశ్న వేసిన పాపాన పోలేదు. ఇన్నాళ్ళకి ఒక పూర్వపక్షం పంచె కట్టుకుని ఎదురుగా నిలబడింది.

"ఎవరు చెప్పారిది నీకు?"

"మసీదు మౌల్వీగారు."

"అలాగా! అయితే అడుగు. ఆ ఆర్జించుకోవడమనేది కూడా ఒక పనే కదా? మరి దాన్ని సృష్టించిందెవరట?" అని, తిట్టవలసిన సంగతి మరిచిపోయి ఇంటికి వెళ్ళిపోయారు.

ఇక మన సన్నాయివాడికి కొత్త ఉద్యోగం దొరికింది. పొద్దున్న గుడి నుంచి ఒక ప్రశ్న మసీదుకి మొయ్యడం, సాయంత్రం మసీదు నుంచి జవాబూ దాని మీద వడ్డీగా ఇంకో ప్రశ్నా గుడికి మొయ్యడం. ఆ పెద్దలిద్దరూ ఒకరి గుమ్మం ఒకరు తొక్కలేదు. ఆయన మడీ ఈయన ఉబ్బసం అడ్డొచ్చాయి. కాని వాదం జోరుగా నడిచింది. పూర్వజన్మ కర్మ అటు వెళ్ళింది. న్యాయతీర్పు రోజు ఇటు వచ్చింది. ఒకనాడు మౌల్వీగారు బాగ్దాదు కథ చెప్పి పంపారు. దైవవాక్యం అనాదిగా ఉన్నదా, సృష్టించబడిందా అని అక్కడ పెద్ద రగడ జరిగిందట. సృష్టించబడిందని ఒప్పుకోమని రాజు కొరడాలతో కొట్టించినా ఒక పెద్దాయన ఒప్పుకోలేదట. సిరా, కాగితం, చదివే గొంతు, ఇవి సృష్టే. వాక్యం మాత్రం కాదు.

వేంకటాచలంగారు మెట్టు మీద చతికిలబడ్డారు. "మా ఇంట్లోనూ ఇదే పోరయ్యా! వేదాన్ని ఎవరూ చెయ్యలేదన్నారు మీమాంసకులు. ఈశ్వరుడే చేశాడన్నారు నైయాయికులు. మావాళ్ళు కొరడాలు పట్టలేదంతే. నోళ్ళతోనే కొట్టుకున్నారు."

అప్పలనరసింహానికి ఈ ముక్క బాగా లోతుకి దిగింది. తను ఊదితే భూపాలం పుట్టిందా? ఊదడం ఆపితే అది ఎక్కడికి పోతుంది? తాత ఊదిన భూపాలమూ తను ఊదే భూపాలమూ ఒకటేనా? ఈ ఆలోచనతో రాత్రంతా నిద్ర పట్టలేదని చెప్పడానికి బాగానే ఉంటుంది గాని, ఆయన హాయిగా నిద్రపోయాడు.

జగ్గమ్మకి మాత్రం ఈ శాస్త్రచర్చ ఒళ్ళు మండించింది. ఒక రోజు వంకాయకూర బొగ్గయిపోయింది. అప్పలనరసింహం ముద్ద నోట్లో పెట్టుకుని మొహం అదోలా పెట్టాడు.

"ఏటా సూపు?" అంది జగ్గమ్మ. "మాడడం ఆయన సృష్టి. తినడం నీ ఆర్జన. తిను."

నోరు మూసుకుని తిన్నాడు. శాస్త్రం ఇంట్లోకి వస్తే ఎవరి పక్షాన నిలబడుతుందో ముందు చూసుకోవాలి.

ముక్కోటి రెండు రోజుల్లోకి వచ్చింది. ఆ పొద్దున్న వేంకటాచలంగారు ప్రశ్న ఏమీ ఇవ్వలేదు. మొహం గంభీరంగా ఉంది.

"నరసింహం, వాదం వాదమే. సేవ సేవే. ముక్కోటి నాడు ఉత్తరద్వారం తెరిచేసరికి ఊరంతా ఉంటుంది. ఆ క్షణానికి నీ సన్నాయి మోగాలి. మోగకపోతే విజయనగరం నుంచి వేరే మనిషిని పిలుస్తాను. ఆపైన నీ సృష్టీ ఆర్జనా నీ ఇంట్లో చెప్పుకో."

అప్పలనరసింహం తిన్నగా కోనేటి వైపు నడిచాడు. ఆయన దిగులు జీతం గురించి కాదు. ఆ జీతానికి జీళ్ళు రావు. ముఖమండపంలో సన్నాయివాళ్ళు నిలబడే చోట రాయి అరిగి చిన్న గుంట పడింది. తాత పాదం, తండ్రి పాదం అరగదీసిన గుంట అది. తన కుడికాలు రోజూ అందులో పెట్టి ఊదుతాడు. అందులో ఇంకొకడు కాలు పెడతాడనే ఊహ వచ్చేసరికి ఆయనకి ఏడుపొచ్చింది. నిజంగానే ఏడ్చాడు, కోనేటి గట్టు మీద కూచుని, ఎవరూ చూడకుండా.

ముక్కోటి ముందు రోజు మధ్యాహ్నం మళ్ళీ మసీదు అరుగెక్కాడు. ఈసారి తగువుకి కాదు.

"బావా, కాల్లట్టుకుంటాను. రేపొక్క రోజు. జగ్గమ్మ తలుపు తడతాది. నెగు."

మైదీను తలకి చుట్టిన రుమాలు విప్పి, మడత పెట్టి ఒళ్ళో పెట్టుకున్నాడు. మౌల్వీగారు పక్కనే ఉన్నారు.

"బావ, నీకు సెప్పనేదు, ఎవులికీ సెప్పనేదు" అన్నాడు చివరికి. "నా ఆడది ఉన్నన్నాల్లూ నన్ను అదే లేపీది. అది పోయింది. ఇంక నన్నెవులు లేపుతారని ఏడిసి తొంగున్నాను. తెల్లారగట్ల ఒక పిట్ట కూసింది. కిటికీ తీసి సూస్తే సీకటి, ఏటీ కనిపించనేదు. మర్నాడూ కూసింది. ఆ మర్నాడూ కూసింది. అప్పుడనుకున్నాను, అల్లా నన్ను ఒగ్గీలేదు, నా కోసం పిట్టనంపినాడని. ఎన్నేళ్ళో కూసింది బావ. పండగెల్లిన కాడి నుంచీ కూత నేదు. నా మీద ఆయనకేటి కోపమొచ్చిందో తెలీదు. ఆ పిట్ట లేపిన వోణ్ణి, ఇప్పుడు మనిసి తలుపు తట్టి లేపితే నెగమంటావా?"

మౌల్వీగారు కస్బ్ గురించి ఏదో చెప్పబోయి ఊరుకున్నారు.

"ఎలాగ కూసీది బావా ఆ పిట్ట?" అని అడిగాడు అప్పలనరసింహం, ఊరికే, ఓదార్పుకి.

మైదీను కళ్ళు మూసుకుని, మెడ సాచి, ఎంతో ప్రేమగా కూసి చూపించాడు.

"కిర్ర్ర్...య్యో."

అప్పలనరసింహం తన పెరటిగోడ వైపు తిరిగాడు. రిషభం కాదు, గాంధారం కాదు. ఆ ఏడుపు స్వరం లోకంలో ఒక్కటే ఉంది. దాని గొంతులో ఆముదం పోసింది ఈ చేతులే. ఇన్ని రోజులుగా ఈకా గాలీ, సృష్టీ ఆర్జనా అంటూ రెండు మతాల పెద్దల్నీ తిప్పలు పెట్టాడే, మొత్తం చేసింది తనే!

ఇప్పుడేం చెయ్యాలి? చెబితే పిట్ట చచ్చిపోతుంది. చెప్పకపోతే తన సన్నాయి పోతుంది. ఆ ముసలాయన మొహం చూస్తూ నోటితో చెప్పడం ఆయన వల్ల కాలేదు. లేచి, మైదీను చెయ్యి పట్టుకుని, "రా బావా" అని తన పెరట్లోకి తీసుకొచ్చాడు. ఏం జరుగుతోందో తెలీక మౌల్వీగారు వెనకాల ఆయాసపడుతూ వచ్చారు.

అప్పలనరసింహం గిలక ఊడదీశాడు. కుంకుడు రసం, బూడిద, ఇసక వేసి ఇరుసు పరపరా తోమాడు.

"పిచ్చెక్కిందేటి?" అని జగ్గమ్మ కేకేసింది. "ఆముదం పోసినోడివి నువ్వే, తోమినోడివీ నువ్వే!"

ఎండలో ఆరబెట్టి, మళ్ళీ బిగించి, "తోడే" అన్నాడు. జగ్గమ్మ చేద వేసి లాగింది. చప్పుడు లేదు. మళ్ళీ దించి, మళ్ళీ తోమాడు. ఊదే పీక దగ్గర సన్నాయిని ఎంత జాగ్రత్తగా పడతాడో అంత జాగ్రత్తగా ఇరుసుని తిప్పి, ఇటు జరిపి, అటు జరిపి చూశాడు. జీవితమంతా అపస్వరం పలక్కుండా ఉండడానికి పాటుపడ్డ మనిషి, ఒక అపస్వరం కోసం చెమటలు కక్కాడు.

"తోడు."

"కిర్ర్ర్...య్యో" అంది గిలక.

మైదీను ఉన్నచోటే కూలబడ్డాడు. గిలకని చూశాడు, గోడకి అవతల తన కిటికీని చూశాడు, జగ్గమ్మ చేతిలో తాడుని చూశాడు.

"గిలకా?" అన్నాడు. కాసేపటికి, "ఇన్నేళ్ళూ నన్ను లేపినది నువ్వా సెల్లెమ్మా?"

జగ్గమ్మకి ఏమీ అర్థం కాలేదు. "నానెక్కడ లేపినానన్నా? నాను నీల్లు తోడుకున్నానంతే."

మౌల్వీగారు ఉన్నపళంగా చప్పట్లు కొట్టారు. దాంతో దగ్గొచ్చింది. దగ్గుతూనే అన్నారు. "అదీ! అదీ మాట! తోడడం ఈమెది. లేపడం ఆయనది. మైదీన్, అల్లా పిట్టతోనే లేపాలనీ, గిలకతో లేపకూడదనీ ఎక్కడ చదివావయ్యా?"

మైదీను మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని ఆలోచించాడు. మొహం మీద ముడతలు ఒక్కొక్కటే విప్పుకున్నాయి. ఉన్నట్టుండి అప్పలనరసింహం వైపు తిరిగాడు.

"మరైతే బావ, ఆ ఆముదం ఎవులు పోయించినట్టు?"

ముగ్గురూ తన వంకే చూస్తున్నారు. తప్పించుకోడానికి శాస్త్రంలో బోలెడు తోవలున్నాయని అప్పలనరసింహానికి తెలుసు. అన్నీ తనే మోసుకొచ్చినవి.

"అది నాదే బావా" అన్నాడు. "ఏలు నాదే."

మైదీను పకపకా నవ్వాడు. ఇన్ని రోజులకి అది మొదటి నవ్వు. లేచి వెళ్ళిపోతూ గోడ దగ్గర ఆగి, "సెల్లెమ్మా, రేపు కాస్త గట్టిగా తోడు" అన్నాడు.

ముక్కోటి నాడు తెల్లవారుజామున నిండు చలిలో, నిండు శ్రుతిలో, మైదీను గొంతు గోడ దాటి వచ్చింది. మొదటి మాట పూర్తి కాకముందే అప్పలనరసింహం మంచం దిగాడు. ఉత్తరద్వారం తెరిచే వేళకి ఆయన కుడిపాదం తాతల గుంటలో ఉంది. ఆ వేళ ఆయన ఊదిన భూపాలం తనదో, తాతదో, అనాదిగా ఉన్నదో ఆయనకి తెలీలేదు, అక్కర్లేకపోయింది. జనం గోవింద కొట్టారు. వేంకటాచలంగారు కళ్ళు తుడుచుకుని, దగ్గరికి వచ్చి, చెవిలో అన్నారు. "మీ మౌల్వీగారికి చెప్పు. వాక్యం అనాదా, సృష్టా అన్న ఆయన ప్రశ్నకి నాకు జవాబు దొరికింది."

వడపప్పూ కొబ్బరిచెక్కా ఉన్న ప్రసాదం దొన్నె పట్టుకుని ఇంటికొచ్చేసరికి జగ్గమ్మ గుమ్మంలో ముగ్గు పూర్తి చేస్తోంది. అప్పలనరసింహం అరుగు మీద కూచున్నాడు. మనసు నిండుగా ఉంది, నోరు ఊరుకోలేదు.

"జగ్గీ, దేవుణ్ణి నాను లేపుతాను. నన్ను మైదీను బావ లేపుతాడు. ఆయన్ని నీ గిలక లేపుతాది. మరి నిన్నెవులు లేపుతారే?"

"ఇన్నాల్లకి అడిగినావా" అంది ఆవిడ, తల ఎత్తకుండా. "నీ గురక."

"గురకకి మెలకువొస్తాదేటి?"

"గురకకి రాదు. ఆగితే వస్తాది. రోజూ తెల్లారగట్ల ఓపాలి నీ గురక టక్కున ఆగిపోతాది. ఉన్నావో నేదో అని నా గుండి గుబీలుమంటాది. నెగిసి ముక్కు కాడ సెయ్యెట్టి సూస్తాను. ఊపిరి తగుల్తాది. ఇంకేటి నిద్ర? ఎల్లి నీల్లు తోడుకుంటాను."

ఊపిరి ఆయనది అని పదిమందికి చెప్పినవాడు, ఆ ఊపిరి కోసం రోజూ చీకట్లో ఒక చెయ్యి తడుముకుంటుందని ఎరగడు. ప్రసాదం దొన్నె మొత్తం ఆవిడ వైపు తోశాడు.

"ఇదంతా నానొక్కర్తినే తినాలేటి?" అంది జగ్గమ్మ.

"తిను" అన్నాడు. గొంతు శ్రుతి తప్పింది.

ఆ మధ్యాహ్నం ఆయన సాధన మానేసి నులకమంచం ఎక్కాడు. కాసేపటికి గురక మొదలైంది. జగ్గమ్మ చేట తెచ్చుకుని మంచం పక్కనే చతికిలబడి, గురక సాగుతున్నంతసేపూ నిశ్చింతగా రేపటి ద్వాదశి వంటకి బియ్యం ఏరుకుంది.